యాన్ ఆనెస్ట్ నక్క

ఒక పెద్ద అడవి ఉండేది. ఎంత పెద్దదంటే, ఆ కొసన వాన కురిసిందన్న కబురు ఈ కొసకు చేరేసరికి ఎండాకాలం వచ్చేసేది.

ఆ అడవికి మాణిక్యమ్మ అనే ముసలి చిలుక వచ్చింది. బస్తీలో ఒక స్పోకెన్ ఇంగ్లీషు ట్యుటోరియల్ వాళ్లు దాన్ని పంజరంలో పెంచారు. ట్యుటోరియల్ మూతపడ్డాక ఎవరో జాలిపడి తలుపు తీశారు. ఇన్నేళ్లూ పిల్లల సందేహాలు, మాస్టారి జవాబులు వినీ వినీ దానికి వ్యాకరణం నోటికి వచ్చేసింది. దానికి కావలసిందల్లా నాలుగు దోరజామకాయలు, కాస్త మర్యాద.

సింహం పిలిపించింది.

"ఇంగ్లీషులో మమ్మల్ని ఏమంటారు?"

"లయన్ అంటారు మహారాజా."

"బోడిగా అంతేనా? ముందు బిరుదేమీ ఉండదా?"

"అందరికీ తెలిసిన ఆ ఒక్కరి గురించే చెప్పేటప్పుడు ముందు 'ది' చేరుస్తారు. ది లయన్."

సింహం జూలు విదిలించుకుంది. "బాగుంది. ఇక మీదట ఈ అడవిలో 'ది' మాకు తప్ప ఇంకెవరికీ ఉండకూడదు. మరి మిగతావాళ్లకేం పెడతారు?"

"కొందరికి 'ఎ', కొందరికి 'యాన్'. పక్క మాట అచ్చు శబ్దంతో మొదలైతే యాన్. ఏనుగుకి యాన్ ఎలిఫెంట్. చీమకి యాన్ యాంట్. పులికి ఎ టైగర్. ఇది నోటి సౌకర్యం కోసమే మహారాజా, ఇందులో గొప్పా తక్కువా లేదు."

ఆ చివరి మాట ఎవరూ వినలేదు. యాన్ అనడానికి నోరు ఎక్కువ తెరవాలి కనుక అదే పెద్ద బిరుదని సభ తీర్మానించింది.

అది మండువేసవి. అడవి మొత్తానికి ఒకే మడుగు మిగిలింది. అంతవరకూ అందరూ తోసుకుంటూ తిట్టుకుంటూ కలిసే తాగేవారు. ఇప్పుడు వరస వచ్చింది. ముందు ది, తరవాత యాన్‌లు, ఆఖరున ఎ లు. చీమలు బారులు తీరి తాపీగా తాగుతుంటే పులి గట్టు మీద నాలుక చాపుకుని కూర్చునేది. ఏనుగు పెద్దిరాజు తాగి, స్నానం చేసి లేచాక లేళ్లకు మిగిలేది బురద. చిలుక కూడా ఎ ప్యారెట్టే. మాణిక్యమ్మ ఆ బురదలోనే ముక్కు ముంచేది.

మంత్రి నక్క గవరయ్యకు ఇది మింగుడు పడలేదు. ఇంతకాలం సింహం పక్కన నిలబడి తాగినవాడు, ఇప్పుడు పందుల వెనక నిలబడాల్సి వస్తోంది. నాలుగు రోజులు ఆలోచించి సభలో లేచాడు.

"మహారాజా, పెద్దమనుషుల్ని ఉత్త పేరుతో పిలిస్తే ఏం బాగుంటుంది? ముందు ఒక గుణం చేరిస్తే అందం. టీచరమ్మా, బిగ్ ఎలిఫెంట్ అంటే ముందు ఏమొస్తుంది?"

"ఎ బిగ్ ఎలిఫెంట్. ఇప్పుడు పక్క మాట బిగ్ కదా."

పెద్దిరాజు తొండం జారిపోయింది.

"చిన్న చీమకి?"

"ఎ స్మాల్ యాంట్."

"మరి, ఆనెస్ట్ ఫాక్స్ అంటే?" గవరయ్య గొంతు తేనెలా ఉంది.

"స్పెల్లింగులో హెచ్ ఉంది గానీ పలకదు. యాన్ ఆనెస్ట్ ఫాక్స్," అనేసి మాణిక్యమ్మ నాలుక కరుచుకుంది. అప్పటికే సభ చప్పట్లు కొడుతోంది.

ఆ సాయంత్రం సింహం తరవాత తాగింది గవరయ్య ఒక్కడే. పెద్దిరాజు బురదలోకి దిగాడు.

మాణిక్యమ్మకు మనసు మనసులో లేదు. అది చెప్పిన ప్రతి జవాబూ సరైనదే. చెప్పిన ప్రతిసారీ ఎవరో ఒకరి గొంతు ఎండుతోంది. లేడిపిల్లలు బురద నాకడం చూశాక ఇక ఉండలేక కొమ్మ దిగి, ఒక్కొక్కరి దగ్గరికీ వెళ్లింది.

లేళ్లకు 'ఇన్నొసెంట్' ఇచ్చింది. చీమలకు 'యాక్టివ్' ఇచ్చింది. పంది ముత్యాలు ఎదురొచ్చి అడిగింది.

"నాకేమైనా దొరుకుతుందా తల్లీ?"

"అగ్లీ ఉంది. కానీ దాని అర్థం..."

"అర్థం దాహం తీరుస్తుందా? యాన్ వస్తుందా రాదా చెప్పు."

"వస్తుంది."

"అయితే రాసేసుకో."

పెద్దిరాజుకు 'యాంగ్రీ' అంది.

"నాకు కోపం లేదమ్మా," అన్నాడు పెద్దిరాజు.

"బురద తాగుతూ కూడా లేదా? అయితే తెచ్చుకోండి."

తెల్లవారేసరికి అడవిలో ఎ అన్నవాడే లేడు. మాణిక్యమ్మ కూడా యాన్ ఓల్డ్ ప్యారెట్. అందరూ యాన్‌లే కనుక వరస చెదిరిపోయి, మళ్లీ తోసుకుంటూ తిట్టుకుంటూ కలిసే తాగారు. గవరయ్య తోక మీద పందులు తొక్కాయి.

"నాది నిజాయితీ, వీళ్లది వికారం. రెండూ ఒకటేనా?" అని అతను వెళ్లి సింహంతో మొరపెట్టుకున్నాడు.

సింహం ఆలోచించింది. "నిజమే. ఈ అడవిలో నిజాయితీపరుడని పేరున్నది నీ ఒక్కడికే. మంచివేళకు వచ్చావు. మొన్న మేం దాచుకున్న దున్న తొడ ఎవరు తిన్నారు? నీ మాటే నమ్ముతాం."

గవరయ్య లోలోపల లెక్క వేసుకున్నాడు. తెలియదంటే అబద్ధం. అబద్ధమని తేలితే ఆనెస్ట్ ఊడుతుంది. అడవి మొత్తంలో తానొక్కడే ఎ గా మిగులుతాడు. ఎ గా బతకడం కన్నా తన్నులు మేలనిపించింది.

"నేనే తిన్నాను ప్రభూ."

సింహం పంజా ఎత్తి, అంతలోనే ఆగి మాణిక్యమ్మ వైపు చూసింది.

"ఇప్పుడు వీణ్ణి ఏమనాలి?"

మాణిక్యమ్మ గవరయ్యను చూసింది. మొదటిసారి అతని మీద జాలేసింది.

"యాన్ ఆనెస్ట్ థీఫ్, మహారాజా. దొంగే గానీ, యాన్ మాత్రం పోదు."

మంత్రి పదవి తీసేసి, వీపు విమానం మోత మోగించి అడవి బయటికి తరిమారు. బిరుదుకు మాత్రం లోటు రానివ్వలేదు. ముందు కోతులు డప్పు కొడుతూ 'యాన్ ఆనెస్ట్ థీఫ్' అని చాటుతుంటే, గవరయ్య కుంటుకుంటూనే తల ఎత్తుకుని నడిచాడు.

నీతి: నిజం ఒక్కటి చెప్పకుండా ఉంటే, నిజాయితీపరుడన్న పేరుతో పాటు పదవి కూడా కలకాలం నిలుస్తుంది.