సత్యభామ మూసిన పైపు

ఆ గురువారం పొద్దున బళేపేటలోని ఆ ఇంట్లో నలుగురు ఉన్నారు. ఒకరు ఆదినారాయణప్ప. ముప్ఫై ఏళ్ళుగా పేటంతటికీ కొళాయిలు, పైపులు అమ్ముతున్నా, సొంత వంటింటి కొళాయికి వాషరు మార్చడానికి తీరిక దొరకని మనిషి. రెండో మనిషి అతని భార్య నాగమ్మ. మూడో మనిషి అతని తండ్రి పెద్దమునియప్ప. ఎనభై రెండేళ్ళ ఆ పెద్దాయన చెవులకు తనకు నచ్చినవే వినపడతాయి. నాలుగో మనిషి సత్యభామ, ఆదినారాయణప్ప చెల్లెలి కూతురు. పుంగనూరు దగ్గర పల్లె బడిలో పదో తరగతి ఫస్టుగా ప్యాసై, పన్నెండు రోజుల కిందట ఒక చేతిసంచి, ఒక డైరీతో దిగింది. ఇరుగుపొరుగు ఆడవాళ్ళు ఆమెను మూగపిల్ల అనుకుని సైగలతో పలకరించేవాళ్ళు. కాదని చెప్పడానికి సిగ్గుపడి, ఆమె కూడా సైగలతోనే జవాబిచ్చేది.

అది 1999 జూన్ నెల. తెలుగు మీడియం పిల్లకు ఆ పట్నం కాలేజీలో సీటు రావాలంటే, వీధి చివర ఉండే రిటైరైన ఇంగ్లీషు లెక్చరరు బాలాత్రిపురసుందరి ఒక ఉత్తరం ఇవ్వాలి. ఆమె ఉత్తరం ఇవ్వాలంటే ఆమె ఎదుట నిలబడి మూడు నిమిషాలు ఇంగ్లీషులో మాట్లాడాలి. "ఏదైనా ఒక ఇంగ్లీషు మాట తీసుకో. అదెక్కడ పుట్టింది, ఎలా పెరిగింది, చెప్పు. అంతే," అని ఆమె తేలిగ్గా అనేసింది. ఈ రోజు పదింటికి వస్తానంది. మాట్లాడితే కాలేజీ, మాట్లాడకపోతే ఆదివారం పుంగనూరు బస్సు. ఆ బస్సు టైము ఆదినారాయణప్ప ముందుగానే క్యాలెండరు మీద రాసిపెట్టాడు.

మాటను ఎంచుకోవడంలో సత్యభామకు పెద్ద స్వేచ్ఛ లేదు. ఇంట్లో ఉన్న ఒకే ఒక ఇంగ్లీషు నిఘంటువు, అంగట్లో మేకులు పొట్లాలు కట్టడానికని పాత కాగితాల కింద వచ్చింది. 'ఏ' నుంచి 'ఆర్' దాకా పేజీలు మేకులతో పాటు వెళ్ళిపోయాయి. మిగిలింది 'ఎస్' నుంచే. బస్సు స్టాపుల పుణ్యమా అని తెలిసిన మాటే కదా అని ఆమె 'స్టాప్' పట్టుకుంది. అర్థం చదివి నిర్ఘాంతపోయింది. ఆ మాట ఆగడానికి పుట్టలేదు, మూయడానికి పుట్టిందట! లాటినువాళ్ళు ముతక నారను 'స్టుప్పా' అనేవాళ్ళట. కన్నాల్లో ఆ నారను కుక్కి మూసేయడమే దాని మొదటి అర్థం. మూస్తే కారేది ఆగుతుంది కనుక, వందల ఏళ్ళకు ఆగడమనే అర్థం వచ్చి చేరింది. ఇదంతా ఇంగ్లీషులో డైరీ నిండా నాలుగు పేజీలు రాసి, కంఠతా పట్టింది. నోరు తెరిచి మాత్రం ఒక్కసారీ అనలేదు.

ఆ రోజు కావేరి నీళ్ళొచ్చే రోజు. నేల కింది సంపు తొట్టి నిండాక మోటారు వేసి నీళ్ళు మిద్దె మీది ట్యాంకుకు ఎక్కించాలి. ట్యాంకు నిండితే పక్కనున్న పైపులోంచి నీళ్ళు పొర్లి, కింద ఇంకో పైపు మూతిలో పడతాయి. ఆ రెండో పైపు గోడ దాటి ఎటో పోతుంది. నీళ్ళు పడే చప్పుడు వినపడితే ట్యాంకు నిండిందని గుర్తు. చప్పుడు వచ్చాక కూడా నాగమ్మ పావుగంట దాకా మోటారు ఆపదు. "ఇంకాసేపు పోనీమ్మే, మోటారుకు మంచిది," అంటుంది. బిందె నీళ్ళకు మైలు నడిచే ఊరి నుంచి వచ్చిన సత్యభామ ఆ చప్పుడు విన్నప్పుడల్లా ఎన్ని బిందెలు పోయాయో లెక్కపెట్టుకునేది. 'ఇప్పటికి ఆరుసార్లు. ఎవరికీ బాధ లేదు,' అని డైరీలో రాసుకుంది.

ఎనిమిదింటికి నాగమ్మ మోటారు వేసి సంచీ తీసుకుంది. "మేడమ్ వస్తాదని పూలకు, పండ్లకు పోతా ఉండా. చప్పుడొచ్చినాక పావుగంట చూసి ఆపేయ్. చప్పుడు రాకముందు ఆపొద్దు. తెలిసిందా?"

సత్యభామ తల ఊపింది. ఆదినారాయణప్ప అప్పటికే అంగడికి వెళ్ళాడు. ఆమె కళ్ళు మెట్ల కింద ఉన్న సామాను గదిలోకి పోయాయి. అక్కడ జనపనార కట్టలు కట్టలుగా ఉంది. ప్లంబర్లు పైపులు బిగించేటప్పుడు దాన్ని తెల్ల రంగులో ముంచి చుడతారు. పన్నెండు రోజుల్లో మొదటిసారి ఆమెకు ధైర్యం పుట్టింది. పైపు మూస్తే నీళ్ళు వృథా పోవు. పైగా మేడమ్‌ను మిద్దె మీదికి తీసుకుపోయి ఆ మాట పుట్టుకను కళ్ళారా చూపిస్తే, సగం మాట్లాడే పని తప్పుతుంది.

ఆమె మోచేతుల దాకా తెల్ల రంగు పూసుకుని, చీపురుకట్ట వెనక వైపుతో దంచి దంచి, మిద్దె మీద ట్యాంకు పక్కనున్న పైపు మూతిలో రెండు కట్టల నార కుక్కింది. కిందికొచ్చి మోటారు పక్కన కూర్చుని చప్పుడు కోసం ఎదురుచూసింది.

చప్పుడు రాలేదు. తొమ్మిదైంది. ఎంత పెద్ద ట్యాంకో అని ఆశ్చర్యపోయింది. నీళ్ళు రావాల్సిన దారికి తానే నార కుక్కానని, చప్పుడు కూడా ఆ దారినే రావాలని ఆమెకు తట్టలేదు.

మిద్దె మీద ట్యాంకు మూత లేచింది. నీళ్ళు మిద్దెంతా పరుచుకుని, మెట్ల మీదుగా ఒక్కో మెట్టూ దిగి హాల్లోకి వచ్చాయి. వాలుకుర్చీలో ఉన్న పెద్దమునియప్ప కాళ్ళు తడిసి కళ్ళు తెరిచాడు.

"వానొచ్చిందే!" అని అరిచి, గొడుగు తెరిచి వీధిలోకి నడిచాడు. బయట ఎండ కాస్తోంది. "వాన! వాన! బట్టలు తీసుకోండమ్మా!" పెద్దాయన మాట కదా అని వీధిలో ఆడవాళ్ళంతా ఆకాశం చూడకుండానే ఆరేసిన బట్టలు లోపలికి తెచ్చేసుకున్నారు.

సత్యభామ నార లాగడానికి పరుగెత్తింది. అది ఉబ్బి రాయిలా బిగుసుకుపోయింది. మోటారు ఆపడానికి కిందికి ఉరికితే, స్విచ్చు బోర్డు మీద నీళ్ళు కారుతున్నాయి. చెయ్యి వెనక్కి తీసుకుంది.

ఎదుటి పాల బూత్ మనిషి అంగడికి ఫోను చేశాడు. "అప్పా, మీ ఇంట్లో నిండా నీళ్ళుండాయి. మీ నాయన గొడుగేసుకుని వీధిలో ఉండాడు." ట్యాంకు పగిలిందనుకున్నాడు ఆదినారాయణప్ప. ఇద్దరు ప్లంబర్లను, తోపుడుబండి మీద ఒక కొత్త ట్యాంకును వెంటబెట్టుకుని వచ్చేశాడు. కరెంటు మెయిన్ స్విచ్చు కట్టేసి మోటారు ఆపాడు. సందంతా ఆ బండికే సరిపోయింది. పదింటికి వచ్చిన బాలాత్రిపురసుందరి బండి దాటలేక, చీర కుచ్చెళ్ళు ఎత్తిపట్టి గుమ్మం ముందు మడమల లోతు నీళ్ళలో నిలబడిపోయింది.

"ఏమయ్యా, మూడు నిమిషాల పనికి ఇంత ఏర్పాటెందుకు?" అంది.

అతను జవాబు చెప్పేలోపు మిద్దె మీద నుంచి కేక వినపడింది. అందరూ తలలెత్తారు. పిట్టగోడ దగ్గర నడుముకు తువ్వాలు, నెత్తి నిండా సబ్బు నురగతో వెంకటగిరియప్ప నిలబడి ఉన్నాడు. గోడ పక్కింటాయన. అరడుగు గోడ కోసం తొమ్మిదేళ్ళ కిందట తగువు పడి, అప్పటి నుంచి ఆదినారాయణప్ప ముఖం కూడా చూడని మనిషి. వాళ్ళిల్లు సందు చివర కావడంతో అప్పట్లో చుక్క నీళ్ళు వచ్చేవి కావు. నీళ్ళ బోర్డుకు ఒక అర్జీ రాశాడు. వారం తిరక్కుండా పెరటి డ్రమ్ము నిండటం మొదలైంది. ఆ అర్జీ కథ తొమ్మిదేళ్ళుగా పేటంతా చెబుతున్నాడు.

"ఆదినారాయణప్పా! నా నీళ్ళు ఎవురు నిలిపినారో చెప్పు!"

తొమ్మిదేళ్ళకు ఆ నోట తన పేరు వినపడేసరికి ఆదినారాయణప్ప బండి వదిలేసి ఒక అడుగు ముందుకు వేశాడు. "నీ నీళ్ళు నా మిద్దె మీద యాడుంటాయప్పా?"

"సగం స్నానంలో నిలిచిపోయినాయి. డ్రమ్ము కాడ పైపు పట్టుకుని గోడెక్కి వస్తే నీ ట్యాంకు కాడికి వచ్చినా!"

"అంటే తొమ్మిదేళ్ళుగా నా నీళ్ళు దొంగిలిస్తా ఉండావా?"

"దొంగిలించేదేంది? బోర్డోళ్ళేసిన పైపిది! అర్జీ పెట్టింది నేను!"

సరిగ్గా అప్పుడే పూలతో, పండ్లతో నాగమ్మ వచ్చింది. మిద్దె మీద మనిషిని చూసి సంచీ వదిలేసింది. అరటిపండ్లు నీళ్ళలో తేలాయి. పక్కింటి వాకిట్లోంచి వెంకటగిరియప్ప భార్య వనజ ఖాళీ బకెట్టుతో బయటికొచ్చింది. ఆడవాళ్ళిద్దరూ ఒకరినొకరు చూసుకున్నారు.

"అర్జీ కాదు," అంది వనజ, భర్త వైపు చూడకుండా. "నాగక్క."

మిద్దె మీద నురగ ఒక కంట్లోకి జారింది.

"మీరు గోడకు కొట్లాడుకున్నారు," అంది నాగమ్మ మొగుడితో. "గోడ నీళ్ళు తాగుతుందా? అప్పుడు వనజ చంకలో బిడ్డ ఉన్నాది. మన అంగట్లో పైపే ఏయించినా. చూడండి, ఇన్నాళ్ళైనా ఎట్ల గట్టిగా ఉండాదో!"

మెచ్చుకోవాలో అరవాలో తెలియక ఆదినారాయణప్ప తలెత్తి ఆ పైపును కింది నుంచి పై దాకా చూశాడు.

"మీ సంగతి సరే, ఈ పైపు మూసిందెవరు?" అని అడిగింది బాలాత్రిపురసుందరి.

అందరి కళ్ళూ మెట్ల దగ్గర, మోచేతుల దాకా తెల్లగా ఉన్న పిల్ల మీద పడ్డాయి. ఆదినారాయణప్ప ముఖంలో ఆదివారం బస్సు స్పష్టంగా కనిపించింది. సత్యభామ క్షమించమని చెప్పడానికి నోరు తెరిచింది. కానీ ఆ నోట్లో తయారుగా ఉన్నవి నాలుగు పేజీలే. అవే వచ్చాయి. ఇంగ్లీషులో, స్టుప్పా దగ్గర మొదలై, నార, కన్నం, కుక్కడం, మూయడం, ఆగడం, ఒక్క తప్పు లేకుండా.

"అమ్మోయ్, మూగపిల్ల మాట్లాడతా ఉండాది!" అంది వనజ. "అదీ ఇంగ్లీషులో!"

పెద్దమునియప్ప గొడుగు మూశాడు. "వాన నిలిచిపోయింది," అన్నాడు తృప్తిగా.

బాలాత్రిపురసుందరి గడియారం చూసుకుంది. నాలుగు నిమిషాలు. సంచీలోంచి కాగితం తీసి, కొత్త ట్యాంకు మీద పెట్టి, అక్కడే ఉత్తరం రాసిచ్చింది. "నిదర్శనంతో సహా ఒక మాట చెప్పిన విద్యార్థిని నా సర్వీసులో చూడలేదు. ఇంకోసారి చూడాలనీ లేదు," అంది.

కళ్ళు మండుతూ కిందికి దిగిన వెంకటగిరియప్ప ముందుకు ఆదినారాయణప్ప హాల్లో నీళ్ళే ఒక బకెట్టు ముంచి తెచ్చాడు. "కళ్ళు మూసుకో," అని నెత్తి మీద కుమ్మరించాడు. తరువాత ప్లంబర్ల వైపు తిరిగాడు. "ఆ నార పెరికేసి, పైపు ఎట్లుండేదో అట్లనే పెట్టండప్పా. నా నీళ్ళు పోసుకుని నన్నెట్ల తిడతాడో చూస్తా!" క్యాలెండరు మీది బస్సు టైము కొట్టేయడానికి లోపలికి పోయాడు.

మేడమ్‌ను ఇంటిదాకా దిగబెట్టి రమ్మని నాగమ్మ సత్యభామను పంపింది. అదే పొరపాటు. పదహారేళ్ళు మూసి ఉన్న నోరు అది. వీధి సగానికి వచ్చేసరికి నిఘంటువులో తరువాతి మాట 'స్టోర్' పుట్టుక అయిపోయింది. "బాగుందమ్మా," అంది బాలాత్రిపురసుందరి. 'స్టార్మ్' దగ్గర "సరే" అంది. 'స్టోరీ' దగ్గర "రేపు చెబుదువుగాని" అంది. గేటు తీస్తుంటే సత్యభామ 'స్టవ్' మొదలుపెట్టింది. బాలాత్రిపురసుందరి గబగబా లోపలికి పోయి తలుపు వేసుకుంది. గడియ పడింది. కాసేపటికి తలుపు కింది సందులోకి లోపలి నుంచి ఒక గోనెపట్ట వచ్చి గట్టిగా దోపుకుంది.

'స్టాప్' అనే మాట మొదటి అర్థం లెక్చరరుగారికి బాగానే పట్టింది.