వరిమడి మీద విచారణ

ఆ ఉదయం నరసింగరావు వేసుకున్న పథకం చిన్నదే. టీ తాగి, పెరట్లోని వరిమడికి నీళ్లు పెట్టి, సాయంత్రం చూడటానికి వచ్చే తెలుగు సంఘం వాళ్ల ముందు గర్వంగా నిలబడాలి. దసరాకి అమ్మవారి పందిరిలో కట్టే వరికంకులు ఈసారి సెక్టర్ 7లోని తన క్వార్టర్ నుంచే వస్తాయని సభలో మాటిచ్చేశాడు. బజారు కంకులు వద్దనిపించింది కూడా ఆయనే.

తీరా చూస్తే మడిలో సగం మొక్కలు గిడసబారి, ఆకులు నారింజ రంగుకు తిరిగి ఉన్నాయి.

ఉక్కు ఫ్యాక్టరీలో ఫోర్‌మన్‌గా రిటైరైన మనిషి. ఏదైనా పాడైతే ముందు ఎవరు చేశారో తేల్చడం అలవాటు; ఏం జరిగిందన్నది తర్వాత చూసుకోవచ్చు. పక్క క్వార్టర్ గౌరీదేవి బట్టలుతికిన నీళ్లు గోడ కింది తూములోంచి ఇటే వస్తాయి. దోషి దొరికింది.

"సబ్బునీళ్లకి ఆకులు పండిపోతాయేటండీ?" అంది భార్య సత్యవాణి.

"నీకేటి తెల్దు, ఊరుకో."

సాయంత్రం అందరి ముందూ ఆయన తూము వైపు వేలు చూపించాడు. గౌరీదేవి మొహం పాలిపోయింది. "తెలీక చేసీసినాను అన్నయ్యగారూ," అని, మర్నాడే తూము మూయించింది. ఆ నీళ్లు వెళ్లే దారి లేక ఆమె వంటింట్లో నిలిచాయి.

ఆకులు మాత్రం ఇంకా పండిపోతూనే ఉన్నాయి. ఆవిడ కక్షకొద్దీ రాత్రిళ్లు చాటుగా సబ్బునీళ్లు పోస్తోందని తీర్మానించుకుని, ఫ్యాక్టరీలో ప్రమాదం జరిగినచోట పెట్టినట్టే, సుపేలా బజారులో పెద్ద ఫ్లడ్‌లైటు కొని మడి మీద బిగించాడు. చీకటి పడగానే చిన్న చిన్న పచ్చపురుగులు దాని చుట్టూ ముసిరాయి. పోనీలే, వీటికైనా మడి నచ్చిందనుకున్నాడు. కొద్దిరోజుల్లోనే మిగతా సగమూ రంగు మారింది.

చివరికి నింద భరించలేక గౌరీదేవే రాయ్‌పూర్‌లో వ్యవసాయం చదువుతున్న కూతురు సుప్రియని పిలిపించింది. ఆ పిల్ల ఆకు తిప్పి చూసి, హిందీ కలిసిన తెలుగులో చెప్పింది.

"అంకుల్, యే తో వైరస్ హై. టుంగ్రో అంటారు. ఈ పచ్చపురుగు రోగం మొక్క రసం తాగి, మంచి మొక్క మీద కూర్చుంటే దానికీ వచ్చేస్తుంది. సబ్బునీళ్లకీ దీనికీ సంబంధం లేదు."

"మందేటమ్మా?"

"రోగం వచ్చిన మొక్కకి మందు లేదు, పీకేయాలి. ఔర్ యే లైట్ ఎవరు పెట్టారు అంకుల్? ఈ పురుగులు లైటుకే కదా వస్తాయి."

విచారణ పూర్తయింది. నరసింగరావుకి తల కొట్టేసినట్టయింది. మడంతా తన చేతులతోనే పీకి పూడ్చాడు. క్షమాపణ అడుగుదామని గౌరీదేవి గుమ్మం దాకా వెళ్లి, లోపల ఆమె వంటింట్లో నీళ్లు తోడిపోస్తున్న చప్పుడు విని, మొహం చెల్లక తిరిగొచ్చేశాడు.

దసరా రానే వచ్చింది. పందిట్లో వెనక వరసలో నక్కి కూర్చున్న ఆయనకి వేదిక మీద బంగారు రంగు కంకులు కనిపించాయి. పక్కనే గౌరీదేవి.

"అన్నయ్యగారి మడివేనండి, నాకిచ్చి పంపించినారు," అంటోంది.

"మీ మాట పోతాదని వాళ్ల తమ్ముడి పొలంనించి తెప్పించింది," అని సత్యవాణి ఆయన చెవిలో చెప్పింది.

సంఘం అధ్యక్షుడు రామమోహనరావు ఆయన్ని వేదిక మీదికి లాగి దండ వేశాడు. చప్పట్లతో పందిరి దద్దరిల్లింది. ఇంతకంటే ఆవిడ నాలుగు తిట్టినా బాగుండేదనిపించింది నరసింగరావుకి. చప్పట్లు ఆగేదాకా ఆగి, మైకు అందుకుని, తూము సంగతీ లైటు సంగతీ దాచకుండా చెప్పాడు. "తప్పంతా నాదే చెల్లెమ్మా. నలుగుర్లో అన్నాను, నలుగుర్లోనే ఒప్పుకుంటున్నాను," అన్నాడు.

ఈసారి గౌరీదేవి ఒక్కతే చప్పట్లు కొట్టింది. రామమోహనరావు మాత్రం మెల్లగా దండ వెనక్కి తీసుకున్నాడు. ముఖ్య అతిథి ఇంకా రావలసి ఉందట.