చూపులకు అరిగిపోయిన ఎరుపు

మన రేవు గోపురం మీది ఎరుపును మనమే కళ్లతో తినేశామని తేలిపోయింది!

కనిపెట్టింది ఆషామాషీ మనిషి కాదు. ఇల్వార్న్ నగరంలో రంగుల శాస్త్రానికి పెద్దదిక్కయిన ఉల్మెత్ పండితుడు. రంగు అనేది వస్తువు మీద పరుచుకున్న పలచని పొర అట. చూపు తగిలిన ప్రతిసారీ అందులో కాస్త రాలి, చూసినవాడి కంట్లో పడుతుందట. నమ్మకం కలగడం లేదా? మరి బాగా ఏడ్చినవాడి కళ్లు ఎందుకు ఎర్రబడతాయి? దాచుకున్న దొంగసొత్తు బయటపడుతోందన్నమాట!

గోపురానికి మొన్న వేసవిలోనే పండితుడు దగ్గరుండి రంగు వేయించాడు. అప్పుడే వెలిసి, అటూ ఇటూ ఉన్న సున్నపు కొండల్లో కలిసిపోయింది. నేరం రేవు ఆడవాళ్లదని పండితుడు తేల్చాడు. పడవ కనిపిస్తే పైనున్న కావలివాడు చెయ్యి ఊపుతాడని, వేటకెళ్లిన మొగుళ్ల కోసం వాళ్లు రోజంతా గోపురం వైపే చూస్తారు కదా!

ఇద్దరు పండితులు సందేహపడ్డారు. మన దగ్గర అలాంటి తగువులు తీరే పద్ధతి మీకు తెలిసిందే. పండితుల ఎర్ర అంగీలు పక్కపక్కన పెడతారు. ఎవరిది ఎక్కువ ఎర్రగా ఉంటే వారు చెప్పిందే నిజం. ఉల్మెత్ అంగీ పక్కన ఆ రెండూ చాకిరేవులో పుట్టినట్టున్నాయి. శాస్త్రం నెగ్గింది.

నన్నడిగితే ఈ సిద్ధాంతం ఊరికి వరం. చేపలను చూడకుండా కొనాలనే రూలు వచ్చాక అంగట్లో కుళ్లిన చేప కనబడితే ఒట్టు! (వాసన మీద సిద్ధాంతం ఇంకా రాలేదు.) కొత్త శాలువా ఎలా ఉందని పెళ్లాం అడిగితే, అరిగిపోతుందని చూడలేదని మొగుడు దర్జాగా చెబుతున్నాడు. ఇంతకాలం సోమరితనం అనుకున్నది పొదుపు అని తెలిసింది. ఇంతకన్నా ఏం కావాలి?

మిగిలిన కాస్త ఎరుపునైనా కాపాడాలని రేవు కమిటీ గోపురానికి నిలువెల్లా బూడిదరంగు తెరచాప గుడ్డ చుట్టించింది. అది చూసి దారి తెలుసుకునే పడవలకు ఇక అది కనబడదు. అదే కదా కాపాడడమంటే! మొన్న ఒక పడవ రేవు ఏదో, కొండ ఏదో తెలియక రాళ్లకు కొట్టుకుంది. పండితుడు ఆ జాలర్లను మెచ్చుకున్నాడు. వీసమెత్తు ఎరుపు కూడా ఖర్చు చేయకుండా మునిగారట.

నిన్న మధ్యాహ్నం పలచగా మంచు పట్టింది. కార్దన్ అనే జాలరి పడవ రేవు దాటి, ఎడమ కొండ కింది రాళ్ల వైపు సాగుతోంది. అతని భార్య ద్రెవ్కా పండితుడికి సొంత అక్క. ఆమె అరవలేదు, ఏడవలేదు. రేవు మెట్ల మీద ఉపన్యసిస్తున్న తమ్ముడి ముందుకు వెళ్లి నిలబడింది.

"తమ్ముడూ, నీ అంగీని ఊరంతా నోరెళ్లబెట్టి చూస్తుంది. రాజుగారూ చూస్తారు. అదెందుకు అరగలేదురా?"

పండితుల అంగీని జనం గౌరవంతో చూస్తారనీ, గౌరవం మెత్తగా ఉంటుంది గనుక రంగు గీసుకుపోదనీ ఉల్మెత్ వివరించబోయాడు.

"అలాగా. అయితే గౌరవంగానే విప్పు" అంది అక్క.

అతను జంకాడు. ఆడవాళ్లు జంకలేదు. అంగీ ఒలిచి కావలివాడికి అందిస్తే, అతను దాన్ని గోపురం పైనుంచి వేలాడదీశాడు. అంత ఎరుపును మన సముద్రం ఎన్నడూ చూసి ఉండదు. కార్దన్ పడవ ఒక్క క్షణం తడబడి, ముక్కు తిప్పుకుని రేవులోకి వచ్చింది.

సిద్ధాంతం తప్పని దయచేసి ఎవరూ తొందరపడొద్దు. అందరూ అంతసేపు అంగీనే చూశారు, రవ్వంత రంగు రాలలేదు. గౌరవం నిజంగానే మెత్తనిదేమో!

ఉల్మెత్ మాత్రం లోపలి చొక్కాతో మెట్ల మీదే కూలబడ్డాడు. ఎవరూ అడక్కుండానే అతనే చెప్పాడు.

"గోపురానికని వచ్చిన ఎరుపంతా నా అంగీకే పట్టించానక్కా. గోపురానికి ఇటుకపొడి నీళ్లు కొట్టించాను. ఏం చేయమంటావు? గోపురం వెలిసిపోతే ఏదో ఒక శాస్త్రం చెప్పి నెట్టుకురావచ్చు. నా అంగీ వెలిసిపోతే ఆ శాస్త్రాన్ని ఎవడు నమ్ముతాడు?"