పరారీలో ఉన్న సాక్ష్యం

ఒక పెద్ద అడవిలో, ఉదయం ఆరు గంటల నలభై నిమిషాలకు, అడవికోడి నాగరత్తం మేత నుంచి తిరిగొచ్చి పొదలో గుడ్లు చూసుకుంది. నాలుగు ఉండాలి. ఒకటే ఉంది.

మళ్లీ చూసింది. కోడికి లెక్కలు రావంటారు గానీ, తన గుడ్ల వరకు బాగానే వస్తాయి.

ఆమె గోలకు చుట్టుపక్కల పొదలన్నీ కదిలి వచ్చాయి.

"గుడ్లను ఒంటరిగా వదిలేసి మేతకెళ్లడమేంటమ్మా, రోజులు ఎలా ఉన్నాయో తెలియదా?" అంది నెమలి.

"మా కాలంలో అయితే ఇలా వదిలేవాళ్లం కాదు," అంది ముసలి ముళ్లపంది. ఆమె ఏ కాలంలోనూ గుడ్లు పెట్టింది లేదు.

పొదల సంక్షేమ సంఘం అధ్యక్షుడు కొండముచ్చు గొంతు సవరించుకున్నాడు. "ఆలోచించేదేముంది? దొంగ పేరులోనే ఉంది. గుడ్లగూబ."

అందరికీ అది సబబుగా తోచింది. తొర్రలో నిద్రపోతున్న గుడ్లగూబను బయటికి లాగారు.

"నాది రాత్రి డ్యూటీ అయ్యా. ఆరింటికే పడుకున్నాను. నా పేరులో గుడ్లంటే కనుగుడ్లు," అన్నాడు గుడ్లగూబ.

"అదేదో స్టేషన్‌లో చెప్పుకో," అని కొండముచ్చు రెండు అంటించాడు.

ఊరేగింపు స్టేషన్‌కు బయల్దేరింది. నెమలి అన్న మాట గుచ్చుకుని, నాగరత్తం మిగిలిన గుడ్డును రెక్క కింద పెట్టుకుని వెంట నడిచింది.

స్టేషన్ రైటర్ తాబేలు. ఫిర్యాదులో మొదటి వాక్యం రాసేసరికి ఎండ నడినెత్తికి వచ్చింది. గుడ్లగూబ అప్పటికే నిలబడి నిద్రపోయాడు. నిద్రపోయేవాడి వాంగ్మూలం చెల్లదని అతన్ని వదిలేశారు.

ఇన్‌స్పెక్టర్ ఎలుగుబంటి అడిగాడు. "పోయిన గుడ్లు ఎలా ఉంటాయమ్మా?"

"ఇదిగో సార్, అచ్చం దీనిలాగే," అని నాగరత్తం రెక్క ఎత్తి చూపించింది.

"ఏదీ, ఇటివ్వు." ఆయన గుడ్డును అటూ ఇటూ తిప్పాడు. వాసన చూశాడు. "రైటరూ, ఇది కీలక సాక్ష్యం. జప్తు రాసుకో."

"సార్, అది పోయిన గుడ్డు కాదు. ఉన్న గుడ్డు."

"ఉంది కాబట్టే జప్తు చేస్తున్నాం. పోయినదాన్ని ఎలా జప్తు చేస్తామమ్మా?"

 నాగరత్తానికి దీనికి జవాబు సాయంత్రానికి తోచింది గానీ, అప్పటికి గుడ్డుకు నంబరు పడిపోయింది.

మర్నాడు పొద్దున్నే మళ్లీ వెళ్లింది. "సార్, గుడ్డు చల్లబడితే లోపల పిల్ల చచ్చిపోతుంది. నాకు మిగిలింది అదొక్కటే. ఇక్కడే ఓ మూల కూర్చుని పొదుగుతాను."

"ఫిర్యాదుదారే సాక్ష్యం మీద కూర్చుంటే కేసు నిలబడదు," అన్నాడు ఎలుగుబంటి. అంతలోనే ఆయనకు దిగులు పట్టుకుంది. "కానీ సాక్ష్యం చెడితే పైనుంచి మెమో వస్తుంది. ఏం చేద్దాం రైటరూ?"

తాబేలు ఆలోచించడం మొదలుపెట్టాడు. అది పూర్తయ్యేలోగా ఇన్‌స్పెక్టరే వెల్లకిలా పడుకుని, పొట్ట మీది బొచ్చులో గుడ్డును పెట్టుకున్నాడు.

అప్పటినుంచి నాగరత్తం కిటికీలో కాపురం పెట్టింది.

"కాస్త ఎడమకు సార్. అంత గురక వద్దు, అదురుతోంది. ఇప్పుడు తిప్పండి."

"ఇందాకే కదమ్మా తిప్పాను."

"అది ఇందాకటి తిప్పుడు సార్."

పదిహేను రోజులు ఇన్‌స్పెక్టర్ లేవలేదు. లేవలేదు కాబట్టి అడవిలో ఒక్క కేసూ నమోదు కాలేదు. నేరాలు పూర్తిగా తగ్గిపోయాయని గమనించిన సంక్షేమ సంఘం ఆయనకు సన్మానం తలపెట్టింది.

పదహారో రోజున కొండముచ్చు సంఘాన్నంతా వెంటేసుకుని శాలువాతో వచ్చాడు. "పడుకున్న మనిషికి శాలువా కప్పితే వేరే అర్థం వస్తుంది. ఒక్క క్షణం లేవండి సార్."

ఎలుగుబంటి లేచాడు. పొట్ట మీంచి గుడ్డు ఆయన పడక కింద పరిచిన గడ్డిలోకి జారి, టప్పున విచ్చుకుంది. తడి తడి కోడిపిల్ల ఒకటి బయటికొచ్చి సభను ఓసారి చూసింది. కిటికీలోంచి తల్లి పిలిచింది. పిల్ల ఇన్‌స్పెక్టర్ కాళ్ల మధ్యనుంచి గుమ్మం దాటి వెళ్లిపోయింది.

చప్పట్లు ఆగాయి. "పట్టుకోండి," అన్నాడు ఎలుగుబంటి. తాబేలు వెంటాడాడు.

రికార్డులో ఇలా రాసుకున్నారు: సాక్ష్యం కస్టడీ నుంచి పరారీ. ఆశ్రయమిచ్చినవారిపై కఠిన చర్యలు.

మధ్యాహ్నం ఇన్‌స్పెక్టర్ స్వయంగా పొద దగ్గరికి వచ్చాడు. నాగరత్తం రెక్కలు దగ్గరికి ముడుచుకుని కూర్చుంది. మళ్లీ జప్తు అంటే ఈసారి పిల్లనే తీసుకెళ్తారు.

"ఇటేమైనా గుడ్డు వచ్చిందా?"

"గుడ్డయితే రాలేదు సార్."

రెక్క కింద కీచుమంది.

"అదేంటి?"

"దగ్గు సార్. కిటికీలో గాలి పడలేదు."

"జాగ్రత్తమ్మా," అని ఎలుగుబంటి వెళ్లిపోయాడు. పోయిన మూడు గుడ్ల సంగతి ఆయన అడగలేదు. ఆమె కూడా గుర్తు చేయలేదు.

నాలుగు రోజుల తర్వాత తెలిసిందేమిటంటే, పరారీలో ఉన్న నిందితుడి బొమ్మను స్టేషన్ గోడకు అతికించారు. అది గుడ్డు బొమ్మ. కోడిపిల్ల రోజూ ఆ గోడ కిందే గింజలు ఏరుకుంటోంది.

ఆ అడవిలో తల్లికోళ్లు ఇప్పటికీ చెప్పుకునే మాట: గుడ్లు పోతే ఫిర్యాదు చేయొచ్చు గానీ, ఉన్న గుడ్డును వెంట తీసుకెళ్లకూడదు.