స్కందర శిరోవర్తుల సమరము

వినుడు రసికులారా, నవ్వాపుకొని వినుడు! మధ్యధరా సముద్రపు గాలి మిద్దెలమీది తడిబట్టలను రణపతాకలవలె రెపరెపలాడించుచుండగా, మల్లెచెండ్లమ్మువారి కేకలు సందుసందునను మారుమ్రోగుచుండగా, ట్యూనిస్ మహానగరమున, ఎర్ర ఉన్నిటోపీలు చేయువారి వీధి వెనుకనున్న నీలితలుపుల యింట, క్షీరపాన ధురంధరుడును, పొత్తిగుడ్డల పాలిటి ప్రళయమేఘుడును, జగజ్జేత పేరు మోయుచున్న నాలుగునెలల వీరుడును నగు స్కందరుడు తొట్టిలో వెల్లకిల శయనించి కుడివైపునకే చూచుచుండెను.

అదే వచ్చిన చిక్కు. దిష్టి తగులకుండుటకై తొట్టికి కుడిప్రక్కన నాయనమ్మ మన్నూబియా వెండి ఖమ్సాను, అనగా ఐదువ్రేళ్ల అరచేతి రక్షను, పిన్నుతో గ్రుచ్చియుంచెను. అది తళుక్కుమన్నప్పుడెల్ల వీరుడటే తిరుగును, తిరిగి అటే నిద్రించును. ఒరగి ఒరగి, లేత కపాలము కుడివెనుకను రొట్టెపీటవలె చదునయ్యెను. తండ్రి హమ్మూదాది పట్టణమంతటికి టోపీలు పెట్టిన వంశము (నిజమైన టోపీలే సుమా!). అతడు కొడుకునకై పిడికెడంత ఎర్రటోపీ స్వహస్తములతో చేసి పెట్టగా, అది జర్రున జారి కుడిచెవిపై వ్రాలెను.

వైద్యురాలు తల తడిమి, "ఎముక ఇంకా మెత్తగానే ఉందమ్మా. మెలకువగా ఉన్నప్పుడు పక్కనే కూర్చుని బోర్లా వెయ్యండి. ఎడమవైపు చూసేలా చెయ్యండి. పడుకోబెట్టేది మాత్రం వెల్లకిలానే. వచ్చే నెలకి మార్పు లేకపోతే, తల గుండ్రంగా రావడానికి పెట్టే హెల్మెట్ సంగతి చూద్దాం" అనెను. ఆ కడపటిమాట తల్లి దలెందా గుండెలో ములుకైనది. ఈ మండువేసవిలో పసికందునకు రేయింబవళ్లు శిరస్త్రాణమా! వంటింటి తలుపు మూసికొని ఏడ్చెను. ఏడ్చి, ముక్కు చీది, యుద్ధమునకు లేచెను.

తొలుత సంధిప్రయత్నము జరిగెను.

"అత్తయ్యా, ఆ ఖమ్సాని ఎడమవైపుకి మారుద్దామా?"

"ఏమే, శుభం ఎక్కడైనా ఎడమవైపు ఉంటుందా? నా ముగ్గుర్నీ ఇలాగే పెంచా. బంగారం లాంటి తలకి వంక పెట్టిన ఆ డాక్టరమ్మ కళ్లల్లో కారం కొట్ట!"

సంధి చెడెను. మరునాడు ముంగిట, తొట్టి చెంతనే, గొర్రెతోలు పరచి, స్కందరుని బోర్లా వేసి, గిలకలు, గరిటెలు, శ్రుతిలేని పాటలు మొదలగు సమస్తాస్త్రములను ధరించి దలెందా ఎడమప్రక్కన నిలువగా, ఆ వీరుడు ఆదిశేషుడు భూభారమును బోలె తన శిరోభారమును వ్రేలెడెత్తు లేపి, గడగడ వణకి, చొంగతో నేలను అభిషేకించి, మరల తొట్టివైపే, కుడివైపే, తల వాల్చి, మిద్దెలమీది పావురములు లేచిపోవునట్లు సింహనాదమొనర్చెను.

మన్నూబియా పరుగున వచ్చెను. "అయ్యో అయ్యో! చేపని ఒడ్డున పడేసినట్టు పడేశావేంటే వాణ్ణి! నువ్వు తల్లివా, పోలీసువా?"

"కాసేపే అత్తయ్యా! వాడేడుస్తుంటే నాకు బాగుందా? మీ రక్షని నేనేమీ అనలేదు. వాడికది నచ్చింది, అంతే. కానీ ఆ హెల్మెట్టు పెడితే... నేను చూడలేనత్తయ్యా!"

ముసలామె మెల్లగా వంగి మనుమని తల నిమిరెను. ఇన్నాళ్లు తప్పించుకొని తిరిగిన అరచేయి ఆ చదునైనచోట ఆగిపోయెను.

"కుడిపక్కన గుచ్చింది నేనే కదే" అని గొణిగెను.

అంతట ఆ వృద్ధసింహి తొట్టికడకేగి, ఖమ్సాను ఊడదీసి, తన తలగుడ్డకు గ్రుచ్చుకొని, మోకాళ్లు కటకటమనగా, వీరునికి ఎడమప్రక్కన కటికనేలపై చెంప ఆనించి సాష్టాంగముగా పడుకొనెను.

"రక్షని ఎడమపక్కకి మార్చలేదు, గుర్తుపెట్టుకో. నేను మారాను, అంతే. ఒరేయ్ మొద్దూ! ఇటు చూడరా, మీ నాయనమ్మని!"

తలగుడ్డపై వెండి తళుక్కుమనెను. స్కందరుడు ఏడ్పు మానెను. తల లేపెను. లేచిన తల ఊగెను, తూగెను, నడుమ నిలిచి యోచించెను. అటుపిమ్మట, అహో, ముక్కోటి దేవదూతలు చూచుచుండగా, ఆ తల ఎడమవైపునకు తిరిగెను! తిరిగి, నాయనమ్మ ముక్కును గాంచి, బోసినోట నవ్వెను. దలెందా నవ్వుచునే ఏడ్చెను.

నెల తిరిగెను. అన్నాళ్లును అత్త మనుమని ఎడమప్రక్కన నేలమీదనే కాఫీ త్రాగెను. వైద్యురాలు తల తడిమి, "గుండ్రంగా అవుతోంది. హెల్మెట్టక్కర్లేదు. ఇలాగే కానివ్వండి" అనెను. ఇల్లు చేరగానే హమ్మూదా ఎర్రటోపీ తెచ్చి పెట్టెను. అది నిటారుగా నిలిచెను! అందరును ఊపిరి బిగబట్టిరి. స్కందరుడు తుమ్మెను. టోపీ జారెను.

"చూశావా!" అని మన్నూబియా చప్పట్లు చరచెను. "చెవి మీదికి కాదు, ముక్కు మీదికి పడింది! నేను మొదట్నించీ మొత్తుకుంటూనే ఉన్నా, ఎడమవైపు చూపించండర్రా అని. నా మాట ఎవరైనా వింటేనా!"

దలెందా అత్త చేతిలో వేడి కాఫీ పెట్టి, తలగుడ్డపై ఖమ్సాను సరిచేసెను. ఇట్లు, కుడిచెవిపై వ్రాలు టోపీ, ట్యూనిస్ నగరమున, ఒకానొక శుక్రవారమున, సరిగ్గా ముక్కుమీద వ్రాలెను. జయము, జయము!