దొర కుక్క మెడలో గంట

పోలీసు చర్య జరిగి రెండు నెలలైంది. పట్నం పారిపోయిన దొర దొరకలేదు గానీ, గడీలో ఆయన సామాను దొరికింది. ఊరు పంచుకుంది. ఎవరికీ అక్కర్లేని కుక్కకు ఎనిమిదేళ్ల కృష్ణమ్మ తన జొన్న గట్కలో సగం పెట్టి దోస్తీ కట్టింది.

ఆ ఉదయం దాన్ని వాగులో కడగాలని బయలుదేరుతుంటే నర్సింగమ్మ అవ్వ అడ్డం నిలిచింది.

"దొరోళ్ల కుక్కనే అది. దానితోని జర లొల్లయినా శుక్రారం బండ్లేసుకపోయి కేతేపల్లిల ఇడిసిపెట్టొస్త."

"మొరగనే మొరగదవ్వా."

మొరగదు నిజమే. కానీ మెడలో ఇత్తడి గంట ఉంది. దొర బయటికొస్తే ముందు గంట, వెనక దొర. గంట వినపడితే అందరూ చెప్పులు చేతబట్టి, తల వంచి నిలబడాలి. ముప్పయ్యేళ్లలో కుక్కలు మారాయి గానీ గంట మారలేదు.

కుక్క సందులోకి ఉరికింది. దర్జీ చోటే మియా చేతిలో అంగీతోనే లేచి నిలబడ్డాడు. తల వంచినవాడికి వెనక దొర లేడని ఎలా తెలుస్తుంది?

"ఎవరొచ్చిన్రు మియా?" అన్నాడు పక్క అరుగు మీది మల్లప్ప.

"ఇంకెవరు? ఆయననే."

పంపకంలో వచ్చిన గడీ కుర్చీలో కూర్చొని గడ్డం గీయించుకుంటున్న యాదయ్యకు ఈ కబురందింది. సగం గడ్డంతో, కుర్చీ నెత్తినబెట్టుకొని గడీకి పరుగు తీశాడు. అతన్ని చూసి మంచం తెచ్చుకున్నవాడు మంచం, తలుపు పీక్కున్నవాడు తలుపు మోశారు. గంట మోగిన గంటలో గడీ నిండింది. గంట చప్పుడు లోపలికొచ్చింది. అందరూ తలలు వంచారు. కుక్క కుర్చీ ఎక్కింది.

"నా కుక్కను చూసిన్రా?" అంటూ కృష్ణమ్మ వచ్చేదాకా తలెత్తినవాడు లేడు.

"బండెక్కాల్సిందే," అంది అవ్వ.

"అదేం జేసిందవ్వా? లేసి నిలబడ్డది మీరు గద."

ఇక గంటకు లేవకూడదని ఊరంతా ఒట్టేసుకుంది. అవ్వ మాత్రం శుక్రవారం మాట మార్చలేదు.

సామాను వాపసొచ్చిందన్న వార్త పట్నంలో దొర చెవినపడింది. 'ఊరు భయపడింది' అనుకొని శుక్రవారం ఎడ్లబండి గంటలు మోగించుకుంటూ వచ్చి చోటే మియా ఎదుటే దిగాడు.

మియా తలెత్తలేదు. "కిష్టమ్మా, నీ కుక్కను జర అవతలికి గుంజు. సూదిల దారం కనిపిస్తలేదు."

దొర దగ్గాడు.

"దగ్గు గూడ పట్టిందా దీనికి?"

"నేనురా!" అన్న కేకకు అరుగుల మీది తలలన్నీ లేచాయి. పొరపాటు అందరికీ అర్థమైంది. అయినా మనుషులు లేవలేదు. ఒట్టు ఒట్టే. దొర ఎర్రబడి, అవ్వ బండి పక్కన పడుకున్న కుక్కను పిలిచాడు.

"గది మా పిల్ల కుక్క, దొరా," అంది అవ్వ. "కేతేపల్లి బండ్ల దాని జాగా ఖాళీ అయింది. కూసుంటవా?"

ఆ రోజు దొరను చూసి లేచింది కుక్క ఒక్కటే. లేచి, కృష్ణమ్మ వెనక్కి పోయింది.