లియాండ్రో వయసు

మనీలా సినిమాల్లో జంట కుదిరిందంటే, ఆనాటి నుంచి హీరోకి రావలసిన వయసు కూడా హీరోయిన్‌కే వస్తుంది. ఇందులో వింతేమీ లేదు. యుద్ధం ముగిసి స్టూడియోలు మళ్ళీ తలుపులు తెరిచినప్పటి నుంచీ నడుస్తున్న రివాజే. అక్కడి జనం ఒక జంటను మెచ్చారంటే హీరోయిన్ ముదిరేదాకా విడదీయనివ్వరు. అలా రెమెడియోస్ పదిహేడో ఏట లియాండ్రో పక్కన నిలబడింది. ఏడాది తిరిగేసరికి అతను పాతికేళ్ళవాడుగానే ఉన్నాడు, ఆమెకు మాత్రం రెండేళ్ళు పెరిగాయి.

పదమూడేళ్ళు గడిచాయి. ఆ మహానుభావుడికి ఇంకా పాతికే. ఆమెకు చత్వారం, మోకాళ్ళ నొప్పులు వచ్చాయి. పొద్దున్నే బొప్పాయి ముక్కలు తింటాడు గనుక అతను అలా ఉన్నాడని పత్రికలు రాశాయి. ఆమె ఒళ్ళు చూసుకోలేదనీ ఆ పక్కనే రాశాయి. కొత్త సినిమాలో ఆమెకు లియాండ్రో తల్లి వేషం ఇచ్చారు.

రెమెడియోస్‌కి ఒళ్ళు మండింది. స్టూడియో యజమాని దోన్ అన్సెల్మో దగ్గరికి వెళ్ళింది.

"నా వయసు నేను మోస్తాను బాబుగారూ. ఆయనది ఆయనకి ఇచ్చేయండి."

"నీకేమమ్మా! తల్లి వేషం ఉంది, అత్త వేషం ఉంది, ఇంకా ముదిరితే మామ్మ వేషం ఉంది. వాడికేముంది పాపం? హీరో తప్ప ఇంకో వేషం చేతకాదు."

ఏరు దాటాక తెప్ప తగలేయడం ఆయనకు వెన్నతో పెట్టిన విద్య. ఆమె తన సంగతి వదులుకుంది. కానీ ఆ రోజే కొత్త హీరోయిన్ ప్యూరితా తల్లిని వెంటబెట్టుకుని వచ్చింది. పదహారేళ్ళ పిల్ల. ఈ ఒక్క పిల్లనైనా కాపాడాలనుకుంది రెమెడియోస్. మేకప్ గది తలుపు వేసి, జరిగేదంతా విప్పి చెప్పింది.

"నేను ఒళ్ళు జాగ్రత్తగా చూసుకుంటాలెండి ఆంటీ," అంది ప్యూరితా అద్దంలోంచి.

తల్లి నవ్వింది. "వయసన్నాక ఎవరికైనా వచ్చేదేగా అక్కా! ఊరూ పేరూ లేనివాడిదైతే ఏడవాలి గానీ, లియాండ్రోది! మా వీధిలో ఇంకెవరికి దక్కింది?"

మర్నాడు షూటింగు. ఆ దేశంలో పెద్దల చేతిని నుదుటికి ఆనించుకుని దీవెన అడుగుతారు. ఒకప్పుడు ఆ చేతిని ముద్దాడిన లియాండ్రోయే, ఇప్పుడు వంగి దాన్ని నుదుటికి ఆనించుకున్నాడు. నిండు నూరేళ్ళూ బతకమని ఆమె దీవించాలి. ఆ నూరేళ్ళూ ఎవరి ఒంటిమీదికి వస్తాయో ఆమెకు తెలుసు. కెమెరా పక్కన ప్యూరితా జడకు పూలు పెట్టించుకుంటోంది. రెమెడియోస్ దీవెన మాని ఆ పిల్లకేసి చూసింది.

"కన్నతల్లివమ్మా, మనసారా దీవించాలి!" అని దర్శకుడు కసిరాడు. "చేతకాదంటే చెప్పు, బయట బోలెడుమంది తల్లులున్నారు."

రేపు మామ్మ వేషమైనా దక్కాలంటే ఇవాళ నోరు పెగలాలి.

"నిండు నూరేళ్ళూ చల్లగా బతుకు నాయనా," అంది రెమెడియోస్.

షాటు ఓకే అయింది. అందరికంటే ముందు ప్యూరితా తల్లి చప్పట్లు కొట్టింది.